చీటి మీద చెయ్యి

కోరుట్ల,
12 జూన్ 2011

తమ్ముడు జైపాల్‌కు,

నువ్వు కళ్లు తెరిచే వేళకు దేవుని కృప నీ గడపలో నిలబడి ఉండాలని కోరుతూ రాస్తున్నాను.

నేను బాగున్నాను. ఎడమ చెవి పూర్తిగా పోయింది. కుడి చెవి దగ్గర నోరు పెట్టి చెబితే కొంత తెలుస్తుంది. నువ్వు పంపిన సెల్‌ఫోన్ పక్కింటి పిల్లకు ఇచ్చేశాను. నాకు దానితో ఏం పని. మనకు ఉత్తరాలు ఉన్నాయి. అమ్మ చనిపోయిన ఏడు, నువ్వు పేపరు పని వెతుక్కుంటూ సిరిసిల్ల పోయినప్పుడు మొదలుపెట్టాం. ముప్పై ఏండ్లయింది. పొద్దున ఐదింటికి ఇక్కడ నేను, అక్కడ నువ్వు, ఒకే ప్రార్థన అంశాల మీద మోకాళ్లూనడం. నా చెవులకు ఏదీ అందకపోయినా ఆ వేళ నువ్వు ఉన్నావన్నది మాత్రం అందుతుంది.

శుక్రవారం కూటానికి పదకొండు మంది వస్తున్నారు. అందరూ బీడీలు చేసే ఆడవాళ్లే. చెబితే నాకు వినబడదని తమ మనవులు చీటీల మీద రాసి సంచిలో వేస్తారు. నేను బడిలో పంతులమ్మగా ఉన్నప్పుడు సాయంత్రాలు నేర్పిన అక్షరాలే, వంకరగా ఉంటాయి. చీటి మీద చెయ్యి పెట్టి ప్రార్థిస్తాను. అంశాలు నీకోసం రాసుకొని, శనివారం చీటీలు పొయ్యిలో వేస్తాను. ఆ మాట నాకూ నీకూ దేవునికీ తప్ప నాలుగో మనిషికి తెలియదు. అందుకే వాళ్లు రాస్తారు.

పోశవ్వ తల్లిగారి ఊరు కోనరావుపేట దిక్కున రేషన్ బియ్యం లారీ ఎక్కుతున్నాయని చీటి వేసిందని ఏప్రిల్‌లో రాశాను కదా. మూడు వారాలకే ఆ డీలరును తీసేశారట. దేవుడు ఎంత తొందరగా విన్నాడో చూడు. నా వాక్యగ్రంథం అంచు మీద తేదీ వేసుకున్నాను.

బుగ్గారంలో చెల్లె కళ్యాణి బాగుంది. నిన్ను అడిగింది.

ప్రార్థన అంశాలు:
పోశవ్వ మోకాలి నొప్పి.
సర్వర్ బీ కొడుకు యాసర్ దుబాయి నుంచి ఫోన్ చేయక రెండు నెలలు. ఆమె కూటానికి రాదు గానీ చీటి పంపింది.
సమ్మవ్వ. ఈమె కొడుకు గంగాధర్ పోయిన ఏడు ఫిబ్రవరిలో తెలంగాణ కోసం ప్రాణం తీసుకున్నాడు. ఇక్కడ అమరుల రాయి నిలబెడుతున్నారు. అతని పేరు చెక్కారు. ఆగస్టు ఐదున తల్లి చేతనే తెర తీయిస్తారట. ఆమెకు నిద్ర లేదు. చీటి మీద ఒకే మాట రాసింది: క్షమాపణ. దేనికో రాయలేదు.

నీ అక్క,
రూతమ్మ


సిరిసిల్ల,
19 జూన్ 2011

పెద్దక్కకు,

నువ్వు పంపిన కృప గడపలోనే నిలబడి ఉంది. లోపలికి రావడానికి దానికి జాగా లేదు, గది నిండా పాత పేపర్లు.

వాటితో పని పడింది. నేను ఈ వృత్తిలోకి వచ్చి ముప్పై ఏండ్లయిందని జగిత్యాలలో మిత్రులు సెప్టెంబరు నాలుగున సన్మానం పెడుతున్నారు. నా పరిశోధన కథనాలు పద్నాలుగు ఏరి పుస్తకం వేస్తున్నారు. 'మానేటి వాణి' ఎంత పేపరని, నాలుగు పేజీలు. ఆ నాలుగు పేజీల సంపాదకునికి శాలువా ఎందుకంటే ఎవరూ వినలేదు. నారాయణ సారు అని రిటైరైన తహసీల్దారు ఉన్నాడు. "పెద్ద పేపర్లోళ్లకు దొరకని ముచ్చట్లు నీకెట్ల దొరుకుతయి జైపాల్? నీకేమన్న దయ్యాలచ్చి చెప్తయా?" అన్నాడు. "దయ్యాలు కాదు సారూ, దేవుడే" అన్నాను. అందరూ నవ్వారు.

పేపరు పంపమని నువ్వు అడగలేదు, నేనూ పంపలేదు. అందులో అన్నీ లంచాలు, దొంగతనాలు. నీ కళ్లను వాక్యానికే ఉండనివ్వు.

ఇక్కడ ఒకనాడు బంద్, ఒకనాడు రాస్తారోకో. మరమగ్గాల సాంచాల చప్పుడు ఆగితే సిరిసిల్లకు నిద్ర పట్టదు. నిన్న రోడ్డు మీదనే పొయ్యిలు పెట్టి వంటావార్పు చేశారు. నేనూ బంతిలో కూర్చున్నాను. పప్పులో ఉప్పు లేదంటే, వడ్డించేవాడు "రాష్ట్రం అచ్చినంక ఏస్తం సారూ, గప్పటిదాంక గిట్లనే తినాలె" అన్నాడు.

సమ్మవ్వ సంగతి. క్షమాపణ అని ఒక్క మాట రాస్తే ఎట్లా అక్కా? దేవుని ముందు అరకొర మాట పెట్టొద్దని నాకు నేర్పింది నువ్వే. దేనికి క్షమాపణ? ఆ రోజు ఏం జరిగింది? ఆమె మాటల్లోనే రాయించు. పేరు, వయసు, ఊరు, తేదీ ఉండాలి. వీలైతే చీటి పంపు. నేను కూడా దాని మీద చెయ్యి పెడతాను. సిరిసిల్ల నుంచి కోరుట్లకు చెయ్యి అందదు కదా.

తమ్ముడు,
జైపాల్


కోరుట్ల,
2 జూలై 2011

తమ్ముడికి,

నీ ఇంట సమాధానం ఉండుగాక.

నిన్న కూటం ముగిశాక సమ్మవ్వను ఉండమన్నాను. దేవునికి పూర్తిగా చెప్పుకోవాలి అన్నాను. బీడీల చాట పక్కన పెట్టి చాలాసేపు రాసింది. రాసి, చీటి నా చేతిలో పెట్టి, నా ముఖం చూడకుండా చెప్పుల కోసం వెతుక్కుంది. చెప్పులు ఆమె కాళ్లకే ఉన్నాయి.

చీటి ఎవరికీ పంపకూడదు. ముప్పై ఏండ్లలో మొదటిసారి ఆ పద్ధతి తప్పుతున్నాను. నీ చెయ్యి కూడా దాని మీద ఉండాలని పంపుతున్నాను. మా తమ్ముడు కూడా నీ కోసం అడుగుతాడని ఆమెతో చెప్పాను. కుడి చెవి దగ్గరికి వచ్చి "పేపర్ల ఉంటడు, గా తమ్ముడా అక్కా?" అంది. "పేపరు వేరు, ప్రార్థన వేరు" అన్నాను.

చీటి నలిగింది. చదవడం కష్టమైతే ఇదీ అందులో ఉన్నది:

"గంగాధర్ నా కొడుకు. పరీచ్చ తప్పిండని గా దినం పొద్దుగాల తెలిసింది. నేను బీడీలు చేసుకుంట అన్న. నువ్వు సచ్చినా నాకు ఏడుపు రాదు పోరా అన్న. వాడు నవ్విండు. బువ్వ తినకుంట పోయిండు. మాపటికి అయిపోయింది. జేబుల జై తెలంగాణ అని కాయితం ఉన్నదన్నరు. ఆ రాత వాళ్ల బాపుది. పోయినంక రాసి పెట్టిండు. జెండ పట్టి తిరిగేటోడు, గది అబద్దం కాదు. కని నా మాటకే పోయిండు. రాయి మీది తెర నేను తియ్య. దేవుడు నన్ను మాఫ్ చేసిండా లేదా అడుగు అక్క."

చెయ్యి పెట్టి ప్రార్థించు. శనివారం నాడు కాల్చు. మరిచిపోకు.

రూతమ్మ


సిరిసిల్ల,
11 జూలై 2011

పెద్దక్కకు,

చీటి అందింది. చెయ్యి పెట్టాను. నిజంగానే పెట్టాను. చాలాసేపు తీయలేదు.

పోయిన వారం ఎల్లారెడ్డిపేట మండలంలో ఒక ఊరికి పోయాను. పంతొమ్మిదేండ్ల వాడు ఒకడు అక్కడ ప్రాణం తీసుకున్నాడు. వాళ్ల నాయన చంద్రయ్య, కైకిలి కూలికి పోయే మనిషి, కొడుకు అంగీ తెచ్చి నా ముందు పరిచాడు. జేబులో పేపరు ముక్క మడిచి ఉంది. మా పేపరే. పోయిన ఏడు గంగాధర్ ఫోటో మొదటి పేజీలో సగం వేశాను, ఆ ముక్క. "నువ్వు ఏసినవట గదా సారూ, మావోని ఫోటో గూడ గంతే పెద్దగ ఏస్తవా?" అన్నాడు చంద్రయ్య.

నేను ఏం చెప్పి బయటికి వచ్చానో గుర్తు లేదు. ఎవరో ఒకరు దీన్ని ఆపాలి అక్కా.

సమ్మవ్వను ధైర్యంగా ఉండమను. లోపల పెట్టుకున్న మాట బయటపడితేనే బరువు తగ్గుతుంది.

జైపాల్


కోరుట్ల,
18 జూలై 2011

తమ్ముడికి,

చంద్రయ్య ఇంటి మీద దేవుని చెయ్యి ఉండుగాక.

నీ ఉత్తరం రెండుసార్లు చదివాను. నీ మనసు మెత్తబడింది. అమ్మ ఉంటే సంతోషించేది.

సమ్మవ్వకు చెప్పాను. నా తమ్ముడు నీ చీటి మీద చాలాసేపు చెయ్యి పెట్టాడు, జవాబు వస్తుంది, కనిపెట్టుకొని ఉండు అన్నాను. ఎన్నాళ్లకో మా ఇంట్లో గిన్నె నిండా తిన్నది.

తెర తీయనని మొగుడు రాజమల్లుతో చెప్పేసిందట. అతను కొట్టలేదు. బతిమాలాడు. "ఒక్క పూట నిలబడు సమ్మీ. నా కోసం కాదు, వాని పేరు కోసం నిలబడు. వానికి గిక మిగిలింది గదొక్కటే" అన్నాడట. నిలబడాలా వద్దా అని ఆమె నన్ను అడిగింది. జవాబు వచ్చేదాకా ఆగమన్నాను.

చీటి కాల్చినట్టు రాయలేదు నువ్వు.

రూతమ్మ


కోరుట్ల,
8 ఆగస్టు 2011

తమ్ముడు జైపాల్‌కు,

దేవుడు నిన్ను కాపాడుగాక.

ఆగస్టు రెండున హైదరాబాదు పేపరులో సమ్మవ్వ చీటి ఫోటో వచ్చింది. ఆమె వంకర అక్షరాలు, నలిగిన మడత, అన్నీ ఉన్నాయి. పైన పెద్ద అక్షరాలతో 'అమరుడు కాదు, తల్లి తిట్టిన కొడుకు' అని ఉంది. తెలంగాణ వద్దనేవాళ్లు దాన్ని టీవీలో చూపించి నవ్వారు. నాకు వినబడలేదు. ముఖాలు చూశాను.

నాలుగో తేదీ పట్టపగలు రాయి మీద గంగాధర్ పేరు ఉలితో చెక్కి తీసేశారు. పైన ఒక పేరు, కింద ఒక పేరు, నడుమ గుంట. ఐదున తెర తీశారు. ఎవరో తీశారు.

రాజమల్లు సమ్మవ్వ బీడీల చాట తెచ్చి వాకిట్లో పెట్టి తలుపు వేసుకున్నాడు. "నీ నోరు ఒకపారి కొడుకును తిన్నది. ఇంకోపారి వాని పేరును తిన్నది. నాకాడ ఇంకేం లేదు తినతందుకు" అన్నాడట. సమ్మవ్వ ఇప్పుడు మా ఇంట్లో ఉంది. నీళ్లకు పోతే బోరింగు దగ్గర ఆడవాళ్లు బిందెలు తీసుకొని వెళ్లిపోతున్నారు. గోడ మీద బొగ్గుతో ద్రోహి అని రాశారు. ఎవరి రాతో నాకు తెలుసు. అక్షరాలు నేర్పింది నేనే.

శుక్రవారం సంచి ఖాళీగా ఉంది. పోశవ్వ ఒక్కతే వచ్చింది, గడప దాటలేదు. "నా మోకాలినొప్పి గూడ పేపర్ల ఏపియ్యవు గదా అక్కా?" అని వెళ్లిపోయింది.

జైపాల్, నీ ఆఫీసులో ఎవరు దొంగిలించారు? నీ సొరుగుకు తాళం ఉందా? కోపంతో అడగడం లేదు. నాకు ఆ మనిషి పేరు కావాలి. ఎందుకంటే నిన్న సమ్మవ్వ నా కుడి చెవి దగ్గర కూర్చొని ఇలా అడిగింది:

"నీ తమ్ముడు చెయ్యి పెట్టినంక జవాబత్తదన్నవు గదా అక్కా. గిదేనా జవాబు? మాఫ్ చెయ్యనని దేవుడు పేపర్ల ఏసి చెప్పిండా?"

ఇది దేవుని పని కాదు, ఫలానా మనిషి పని అని చెప్పాలి. పేరు రాయి.

రూతమ్మ


సిరిసిల్ల,
15 ఆగస్టు 2011

పెద్దక్కకు,

ఎవరూ దొంగిలించలేదు. జూలై 31న మొదట వేసింది నేనే. హైదరాబాదు వాళ్లు నా పేజీ నుంచి ఎత్తుకున్నారు. ఆ శీర్షిక నాది కాదు. నాది 'ఒక తల్లి ఒప్పుకోలు'.

నన్ను చంద్రయ్య వాకిట్లో నిలబెట్టి చూడు. గంగాధర్ ఫోటో పెద్దగా వేసి ఒక పిల్లవాడిని పంపింది నేను. అది నిజం కాదని తెలిశాక దాచిపెడితే ఇంకొకడిని పంపేవాడిని. చెమ్చా నీళ్లతో మంట ఆర్పలేం. చీటి ఫోటో లేకుండా వేస్తే కిరాయి రాత అనేవాళ్లు. తల్లి చేతిరాత ఉంది కాబట్టి నమ్మారు. అచ్చయిన ఈ రెండు వారాల్లో మా నాలుగు మండలాల్లో ఒక్కడూ పోలేదు. తప్పయితే నువ్వే చెప్పు.

ఆమె పేరు మార్చుదామనుకున్నాను. ఊరు, తేదీ, రాయి ఉన్నాక పేరు మార్చి ఏం లాభం?

ఎట్లాగూ పుస్తకం చూస్తే నీకు తెలుస్తుంది, అందుకే చెబుతున్నాను. నా మొదటి విలేకరివి నువ్వే అక్కా. నీ ఉత్తరాలన్నీ ఏడాదివారీగా ఇనుప బీరువాలో ఉన్నాయి. కోనరావుపేట డీలరు పోయింది నువ్వు ప్రార్థించినందుకు కాదు, నేను వేసినందుకు. దేవుడే నా చేత వేయించాడని అనుకో, నాకేం అభ్యంతరం లేదు. ఐదింటికి నేనెప్పుడూ లేవలేదు. పేజీలు అచ్చుకు పంపి పడుకునేసరికే మూడు. నీకు బాధ కలుగుతుందని చెప్పలేదు.

పుస్తకం ఈ ఉత్తరంతోనే పంపుతున్నాను. నాలుగో తేదీ జగిత్యాల రా. వేదిక మీద నీకు కుర్చీ వేయిస్తున్నాను. నన్ను పెంచినదానివి, రెండు మాటలు చెప్పాలి. రాలేకపోతే రాసి పంపు, నారాయణ సారు చదువుతాడు. ఆయన గొంతు బాగుంటుంది.

జైపాల్


కోరుట్ల,
28 ఆగస్టు 2011

జైపాల్‌కు,

పుస్తకం అందింది. అట్ట బాగుంది.

పుస్తకం ఒక పక్కన, నా గ్రంథం ఒక పక్కన పెట్టుకొని తేదీలు చూశాను. పద్నాలుగు కథనాలు. పద్నాలుగు చోట్లా దేవుడు జవాబిచ్చాడని నేను అంచు మీద వేసుకున్న తేదీకి నాలుగైదు రోజుల ముందు నీ పేపరు తేదీ ఉంది. చివరిదానికి తప్ప. దానికి నేను తేదీ వేయలేదు.

మొదటి కథనం దగ్గర చాలాసేపు ఆగాను. 'కాంపౌండరు చేతిలో పోయిన ప్రాణం', నవంబరు 1981. నువ్వు పేరు కూడా వేశావు. దేవసహాయం.

నీకు గుర్తుండకపోవచ్చు, రాస్తాను. అతను నాకు పెళ్లి నిశ్చయమైన మనిషి. ఒక ముసలాయనకు తప్పు మందు ఇచ్చానని నా ముందు కూర్చొని ఏడ్చాడు. "సోమారం డాక్టర్ సాబుకు చెప్పేస్త. గప్పటిదాంక నాకు బలమియ్యమని అడుగు రూతూ" అన్నాడు. నేను నీకు రాశాను. నీకు ఇరవై ఏండ్లు, నీ పేపరులో ఇంకా నీ పేరు పడలేదు. సోమవారానికి ముందు ఆదివారం అచ్చయింది. తానే ఒప్పుకునే వీలు అతనికి లేకుండా పోయింది. బొంబాయి దిక్కు భివండి పోయాడన్నారు. నాతో ఒక్క మాట మాట్లాడకుండా పోయాడు. తన మాట తెలిసిన మనిషిని నేనొక్కదాన్నే అని అతనికి తెలుసు.

అప్పుడు గ్రంథం అంచు మీద రాసుకున్నాను: జవాబు వచ్చింది, ఈ పెళ్లి వద్దన్నాడు. తర్వాత రెండు సంబంధాలు వచ్చాయి. దేవుడు ఒకసారి వద్దన్నాక మళ్లీ అడగకూడదని కాదన్నాను. ముప్పై ఏండ్లు ఆ మాట మీద బతికాను. అది నీ పేపరు మాట.

సమ్మవ్వకు నువ్వు చెప్పిన పేరు చెప్పాను. "ఏసింది నా తమ్ముడు. పంపింది నేను. దేవుడు కాదు" అన్నాను. ఆమె బీడీ చుట్టడం ఆపలేదు. దారం కట్టి, చాటలో పెట్టి, అప్పుడు చెవి దగ్గరికి వచ్చింది.

"అయితె దేవుడు ఇంక ఏం చెప్పలేదన్నట్టే గదా అక్కా?"

"ఇంక చెప్పలేదు" అన్నాను.

"అయితె ఎదురు సూస్త" అంది.

నన్ను ఒక్క మాట అనలేదు. అని ఉంటే బాగుండేది. ఇప్పుడు తలుపు దిక్కు ముఖం పెట్టి కూర్చుంటుంది.

నీ ప్రశ్నకు జవాబు. ఆ పిల్లలు బతకాలి. నీ పేపరు వల్ల ఒక్కడు ఆగినా మంచిదే, నేను కాదనను. కానీ గంగాధర్ ఎందుకు పోయాడో నీకు తెలియదు. సమ్మవ్వకూ తెలియదు, రాజమల్లుకూ తెలియదు. పొద్దున నవ్వి పోయాడు, అంతవరకే తెలుసు. తల్లి భయం చీటి మీద ఉంది. నువ్వు దాన్ని నిజం అని అచ్చు వేశావు. ఆ మాట వేయడానికి ఆమెను అడగాలి. సిరిసిల్ల నుంచి కోరుట్లకు బస్సు ఉంది. నువ్వు రాలేదు, ఎందుకంటే ఆమె వద్దంటుందని నీకు తెలుసు.

నా ఉత్తరాలు వెనక్కి పంపమని అడగను. బీరువాలో ఉండనివ్వు. నీకు ఆధారాలు కావాలి కదా.

నాలుగో తేదీ ఆదివారం. నాకు ఆరాధన ఉంది. కూటానికి ఎవరూ రారు, సమ్మవ్వ, నేను. ఐదింటికి ఇప్పుడు కూడా లేస్తున్నాను. సిరిసిల్లలో ఎవరూ లేరని తెలిసి లేవడం మొదటి రోజు కష్టమైంది.

వేదిక మీద రెండు మాటలు కావాలన్నావు. కింద ఉన్నాయి. నారాయణ సారు గొంతు బాగుంటుందన్నావు, ఆయన చేత చదివించు.

ప్రార్థన అంశం ఒకటే. నువ్వు నేర్పినట్టే పేరు, వయసు, ఊరు రాస్తున్నాను.

జైపాల్, యాభై ఏండ్లు, సిరిసిల్ల. పత్రికా సంపాదకుడు. బీడీలు చేసే ఆడవాళ్లు దేవునికి చెప్పుకున్న మాటలు ముప్పై ఏండ్లు వాళ్లకు తెలియకుండా అచ్చు వేశాడు. ఇంతవరకు క్షమాపణ అడగలేదు.

ఈ చీటి నేను కాల్చను. వేసుకో.

రూతమ్మ,
విలేకరి, కోరుట్ల